పిట్టలు మన సంస్కృతి కాదట!

పోయిన నెల మన సంఘం కార్యవర్గ సమావేశంలో ఈ ఏటి విహారయాత్ర గురించి రెండు ప్రతిపాదనలు వచ్చాయి. సెప్టెంబరు ఆఖరున ఒక శనివారం తెల్లవారుజామున బోటు మాట్లాడుకుని, పక్షుల సంగతి తెలిసిన మనిషిని ఒకరిని వెంటబెట్టుకుని, సింగపూరు జలసంధిలో సముద్రపు పిట్టలను చూసి రావటం ఒకటి. సాయంత్రంపూట షికారు ఓడలో భోజనం, పాటలు, తంబోలా రెండోది. మొదటి ప్రతిపాదన మూడు నిమిషాల్లో వీగిపోయింది. రెండోదానిమీద చర్చ గంటంబావు సాగింది. అందులో ముప్పావుగంట పనీరు గురించి. మొదటిది ఎందుకు వీగిపోయిందో మినిట్సులో ఒక్క వాక్యంలో రాశారు: ఇది సాంస్కృతిక కార్యక్రమం కిందికి రాదు.

నాకు పేచీ ఆ వాక్యంతోనే. బోటుకు ఖర్చెక్కువ అన్నా, పెద్దవాళ్లు ఎక్కలేరన్నా నేను కలం పట్టేవాణ్ణి కాను. అవి నిజమైన ఇబ్బందులు. వాటికి జవాబులున్నాయి, ముందుముందు చెబుతాను. కాని "సంస్కృతి కాదు" అనటం వేరు సంగతి. ఆ మాట అన్న పెద్దలు సంస్కృతి అంటే ఏమనుకుంటున్నారో, సింగపూరంటే ఏమనుకుంటున్నారో ఒకసారి అడిగి చూడాలి.

ముందు సింగపూరు సంగతి చూద్దాం. మనలో చాలామందికి ఈ ఊరంటే రంగురంగుల గీతలు గీసిన ఎమ్మార్టీ పటం. లిటిలిండియా ఎక్కడ, గుడి ఎక్కడ, ట్యూషను ఎక్కడ, ఎయిర్‌పోర్టు ఎక్కడ అన్నది తెలిస్తే సరిపోతుంది. ఆ పటంలో సముద్రం గీతలు అయిపోయిన చోట మిగిలిపోయిన కాగితం. అసలైన పటం తీసి చూడండి. జపాను, చైనాల వైపు పసిఫిక్ మహాసముద్రం, మన ఊళ్ల వైపు హిందూ మహాసముద్రం. రెంటికీ మధ్య మలయా ద్వీపకల్పం, సుమత్రా, జావా గోడ కట్టినట్టు అడ్డంగా పడుకుని ఉన్నాయి. ఆ గోడకున్న సందుల్లో ఒకటి మన గుమ్మం ముందే ఉంది. పొడుగు సుమారు 105 కిలోమీటర్లు. వెడల్పు చాలాచోట్ల 16 కిలోమీటర్లకు అటూ ఇటూ, బాగా ఇరుకైన చోట ఓడలు పోయే దారి 3 కిలోమీటర్లు కూడా లేదు. మలక్కా, సింగపూరు జలసంధుల గుండా ఏడాదికి 80,000కు పైగా ఓడలు పోతాయి. ఈ లెక్క మనవాళ్లకు నోటికి వచ్చు, ఎందుకంటే ఆ ఓడల పుణ్యాన జీతాలు తీసుకునేవాళ్లు మనలో చాలామందే ఉన్నారు. కాని ఈ సందు ఓడలవాళ్లు కనిపెట్టింది కాదు. పిట్టలు కూడా నడుస్తున్న దారి ఇది.

స్విన్‌హో స్టార్మ్ పెట్రెల్ అని ఒక పిట్ట ఉంది. నేను దాన్ని తుఫాను పిట్ట అంటాను. గోరువంక కంటె కాస్త చిన్నది, మసిరంగు ఒళ్లు, కొద్దిగా చీలిన తోక. బరువు 40 గ్రాములు, అంటే ఒక నిమ్మకాయ. జపాను, కొరియా, చైనా, రష్యా తీరాల దగ్గరి చిన్నచిన్న దీవుల్లో బొరియ తవ్వుకుని అందులో ఒకే ఒక్క గుడ్డు పెడుతుంది. గూటికి రావటం కూడా రాత్రిపూటే, దొంగలాగా. ఆ తరవాత సముద్రం మీద పడితే ఇక నేల తొక్కదు. సెప్టెంబరు, అక్టోబరు నెలల్లో దక్షిణ చైనా సముద్రం దిగివచ్చి, మన జలసంధిలో దూరి, హిందూ మహాసముద్రంలోకి, అరేబియా సముద్రం దాకా పోతుంది. వసంతకాలంలో అదే దారిన వెనక్కి. మంచిరోజున బోటుమీదనుంచి ఇవి వందకు పైగా కనబడతాయి, కెరటాలకు అడుగెత్తు పైన, చమురు ఓడలకూ కంటైనరు ఓడలకూ నడుమ, ఎవరికీ పట్టకుండా పడమటికి పోతూ. ఈ పిట్టను 1867లో శాస్త్రానికి పరిచయం చేసిన రాబర్టు స్విన్‌హో చైనాలో బ్రిటిషు కాన్సులుగా పనిచేసినవాడు. ఆయన పుట్టింది కలకత్తాలో. పరాయి దేశంలో ఉద్యోగస్తుల ఇంట పుట్టినవాడన్నమాట, మన పిల్లల్లాగే.

అల్యూషియన్ టెర్న్ అని ఇంకొకటి ఉంది. అలాస్కాలోనూ, రష్యా తూర్పు కొసనూ గుడ్లు పెడుతుంది. నుదురు తెలుపు, నెత్తి నలుపు, రెక్క అడుగున వెనక అంచుకు సన్నటి నల్లగీత. ఆ గీతను పట్టుకోగలిగితేనే దాన్ని మిగతా టెర్నులనుంచి విడదీయగలరు. చలికాలం ఈ పిట్ట ఎక్కడికి పోతుందన్నది 1990ల దాకా పక్షిశాస్త్రజ్ఞులకే సరిగా తెలియదు. మొదట హాంకాంగు సముద్రంలో పట్టుబడింది. తరవాత చూస్తే ఇక్కడ, మన ఇంటిముందు, నీళ్లలో కొట్టుకుపోయే చెక్కముక్క మీదా, విరిగిన ప్లాస్టిక్కు డబ్బా మీదా కూర్చుని ప్రయాణం చేస్తూ దొరికింది. 2010 తరవాత కొందరు ఓపికగా నెలనెలా బోటు వేసుకుని పోయి లెక్క రాయబట్టి ఈ సంగతులు తెలిశాయి. మనలో ఇక్కడికి వచ్చి పాతికేళ్లయినవాళ్లున్నారు. ఆ పాతికేళ్లూ ఈ సంత మన కిటికీ కిందే జరిగింది.

ఇక సంస్కృతి. మన సంఘం లెక్కలో సంస్కృతి అంటే ఉగాది పచ్చడి, అన్నమయ్య కీర్తన, కూచిపూడి, పిల్లలచేత పద్యాలు చెప్పించటం. వీటిలో దేనికీ నేను వ్యతిరేకిని కాను. కాని ఆ పద్యాల్లో ఏముందో చూశారా? పిట్టలున్నాయి. నలదమయంతుల పెళ్లి కుదిర్చింది హంస. చకోరం వెన్నెల తాగుతుంది. చాతకం వానచుక్క కోసం నోరు తెరుచుకుని ఉంటుంది. కిందటి ఉగాదికి ఒక పాప హంస రాయబారం ఏకపాత్రగా అభినయించింది, చప్పట్లు కొట్టాం, బహుమతి ఇచ్చాం. ఆ పాపగాని, నేర్పిన అమ్మగారుగాని, బహుమతి ఇచ్చిన అధ్యక్షులుగాని బతికున్న పిట్టను ఒకదాన్ని పది నిమిషాలపాటు నిదానంగా చూసి ఉంటారా అని నా అనుమానం. శ్రీనాథుడు చూశాడు. చూడనివాడు పక్షి నీళ్లమీద దిగే తీరు వర్ణించలేడు. మనం వర్ణన దాచుకుని, చూపు పారేసుకున్నాం. చూపును మళ్లీ తెచ్చుకుందామంటే అది సంస్కృతి కాదంటున్నాం!

పంచతంత్రంలో టిట్టిభం కథ చాలామందికి గుర్తుండే ఉంటుంది. ఒడ్డున గుడ్లు పెట్టుకున్న పిట్టజంటను సముద్రుడు ఆటపట్టిద్దామని గుడ్లు ఎత్తుకుపోతాడు. పిట్టలన్నీ పోగై గరుత్మంతుడితో మొరపెట్టుకుంటే, ఆయన విష్ణుమూర్తికి చెప్పి, సముద్రుడిచేత గుడ్లు వెనక్కి ఇప్పిస్తాడు. కథ చెప్పినవాడికి ఒడ్డున గుడ్లు పెట్టే పిట్టలు తెలుసు, ఆటుపోట్లు తెలుసు, ఎంత లెక్క తప్పితే గూడు మునుగుతుందో తెలుసు. ఇదే కథ సింగపూరులో తిరగేసి నడుస్తోంది. ఇక్కడ సముద్రం నేలను ఎత్తుకుపోదు. నేలే సముద్రాన్ని మింగుతుంది. 1960లలో 581 చదరపు కిలోమీటర్లున్న ఊరు ఇవాళ 730 దాటింది. పూడ్చిన ఇసక మీద ఇళ్లు లేచేలోపల, ఆ ఖాళీలో చిన్న టెర్నులు వచ్చి గుడ్లు పెడతాయి. పునాదుల యంత్రాలు రాగానే లేచిపోతాయి. మొర వినే గరుత్మంతుడు ఎవరన్నది కింద చెబుతాను.

కొందరికి ఇంకో అనుమానం ఉంది. తెలుగువాడికీ సముద్రానికీ సంబంధమేమిటి? మనం పొలాలవాళ్లం, చెరువులవాళ్లం కదా అని. సముద్రయానం చేస్తే పతితుడవుతాడని బోధాయనుడు రాశాడు కూడా. ఆయన రాశాడంటేనే అప్పటికే ఎవరో పోతున్నారన్నమాట. పోనివాళ్లకు నిషేధం అక్కర్లేదు. 1244లో కాకతీయ గణపతిదేవుడు మోటుపల్లి రేవులో అభయశాసనం వేయించాడు. గాలివానకు ఓడ పగిలి సరుకు ఒడ్డుకు కొట్టుకువస్తే దాన్ని రాజు లాక్కోడని పరదేశపు వర్తకులకు మాట ఇచ్చాడు. సముద్రంతో సంబంధం లేని జాతి రాజు చేసే పని కాదది. బర్మాలో తెలుగువాళ్లకు కోరంగీలని పేరు పడింది. అది గోదావరి మొగలో ఉన్న కోరంగి రేవు పేరు. ఈ మలయా వైపు మన తీరంవాళ్లకు కళింగం పేరుమీదుగా ఒక పేరు పడింది, తరవాత అది తిట్టుగా మారిందనుకోండి. 1926లో కట్టిన రజూలా ఓడ 1970ల దాకా మద్రాసు, నాగపట్నం, పెనాంగు, సింగపూరుల మధ్య తిరిగింది. దాని తరవాత చిదంబరం తిరిగింది. 1985లో చిదంబరం ఓడ తగలబడటంతో ఆ దారికి తెరపడింది. ఆ ఓడల డెక్కు మీద చాప వేసుకుని వచ్చినవాళ్లకు సముద్రం అంటే ఏమిటో తెలుసు. కడుపులో తిప్పుతున్నప్పుడు కమ్మీ పట్టుకుని నిలబడి, ఓడ వెంట ఎగిరే తెల్లపిట్టలను చూసి, నేల దగ్గరపడిందని ఊపిరి పీల్చుకున్నవాళ్లు.

మనం ఎలా వచ్చాం? ప్రవరాఖ్యుడి లాగా వచ్చాం. ఆయనకు కాలికి పాదలేపం, మనకు విమానం టిక్కెట్టు. నాలుగు గంటలు, కిటికీ రెక్క దించుకుని, ఒక సినిమా. బంగాళాఖాతం మొత్తం మన కింద గడిచిపోయింది, ఒక్క చుక్క కూడా చూడలేదు. ప్రవరుడు మంచుకొండను కనీసం కళ్లారా చూశాడు. కళ్లప్పగించి చూడబట్టే కదా చిక్కులో పడ్డాడు. మనకు ఆ చిక్కు కూడా లేదు.

"ఇది దొరల వేడుకండీ" అన్నారు కార్యవర్గంలో ఒక మిత్రులు. దుర్భిణి మెడలో వేసుకుని, టోపీ పెట్టుకుని, పుస్తకంలో టిక్కులు కొట్టుకోవటం మన ఒంటికి సరిపడదని ఆయన భావం. వేషం దొరలదే, ఒప్పుకుంటాను. చూపు వాళ్లదా? టి. సి. జెర్డన్ అనే వైద్యుడు నెల్లూరులో సివిల్ సర్జన్‌గా ఉంటూ 1840లలో పక్షుల పుస్తకం అచ్చు వేశాడు. ఆ తరవాత 1860లలో వేసిన పెద్ద గ్రంథంలో పక్షి తరవాత పక్షికి తెలుగు పేరు ఇచ్చాడు. ఆ పేర్లు ఆయన ఇంగ్లండునుంచి తెచ్చుకున్నవి కావు; మన పల్లెల్లో పిట్టలెరిగినవాళ్లు చెబితే రాసుకున్నవి. వాటిలో ఒకటి అడవి ఉత్తతిత్తి. చేతిలో ఖాళీ సంచీతో తిరిగే మనిషిలా ఆ పిట్టకు పేరు పెట్టిన అజ్ఞాత కవికి మన సంఘం సన్మానం చేయదు. తరవాత అదే పిట్ట కలివికోడి అనిపించుకుంది. 1900 ప్రాంతంలో కనబడినదే ఆఖరు, ఇక అంతరించిందనుకున్నారు. 1986 జనవరిలో కడప జిల్లాలో మళ్లీ దొరికింది. బొంబాయి నాచురల్ హిస్టరీ సొసైటీ తరఫున వెతకటానికి వచ్చిన భరత్ భూషణ్‌కు దాన్ని పట్టి చూపించింది అయితన్న అనే స్థానికుడు, పిట్టలు పట్టి బతికేవాడు. చదువుకున్నవాళ్లు 80 ఏళ్లకు పైగా లేదనుకున్నదాన్ని చదువుకోనివాడు చీకట్లో పట్టి తెచ్చాడు. ఇది దొరల వేడుకా?

అంత దూరం ఎందుకు, శ్రీకాకుళం జిల్లా తేలినీలాపురంలో ఏటా గూడబాతులూ, ఎర్రకాళ్ల కొంగలూ ఊళ్లో చెట్లమీద గూళ్లు కట్టుకుంటాయి. రెట్టల కంపు భరిస్తూ, పురిటికి వచ్చిన ఆడపడుచులను చూసుకున్నట్టు చూసుకుంటారు ఆ ఊరివాళ్లు. అనంతపురం వైపు వీరాపురంలోనూ అంతే. వేటకు పోయే మన బెస్తవాళ్లు చేపగుంపు ఎక్కడుందో తెలుసుకునేది సముద్రంమీద మూగిన పిట్టలనుబట్టే. పిట్టను చూడటం వాళ్లకు వేడుక కాదు, వారం తిండి. తెలుగు సంస్కృతి అంటే వీళ్లు లెక్కలోకి రారా? లేక ఇంజనీర్లకూ, డాక్టర్లకూ, వాళ్ల పిల్లల అరంగేట్రాలకూ మాత్రమే ఆ పేరు రిజర్వు చేశామా?

ఇబ్బందుల సంగతి చెబుతానన్నాను.

ఖర్చు: బోటు అద్దె, మార్గదర్శి రుసుము కలిపి పన్నెండుమందికి పంచి చూశాను. షికారు ఓడ భోజనం తలకు ఎంత పడుతుందో కోశాధికారి చెప్పిన అంకెకంటె రెండు డాలర్లు తక్కువ వచ్చింది. వాంతులు: అక్టోబరు లోపల, ఈశాన్య రుతుపవనం రాకముందు, జలసంధి చాలారోజులు చెరువులాగే ఉంటుంది. పెద్ద ఓడ దాటినప్పుడు దాని కెరటానికి నాలుగు ఊపులు ఊగుతుంది. తెల్లవారుజామున సుమత్రా వైపునుంచి గాలివాన లేస్తే మాత్రం లెక్క వేరు. ఎప్పుడు వెనక్కి తిప్పాలో తెలిసినవాడే బోటు నడుపుతాడు. పరీక్షలు: ఆరో ఏడు పిల్లలకు పీయస్సెల్లీ సరిగ్గా ఆ రోజుల్లోనే పడుతుంది. వాళ్లను వదిలేద్దాం, పాపం. మిగతా తరగతులవాళ్లకు ఒక శనివారం ట్యూషను పోతే కొంప మునగదు. అబాకస్ మాస్టరుగారు నన్ను క్షమించాలి.

మార్గదర్శి ఎందుకు, ఫోనులో చూసి మనమే పోల్చుకోలేమా అన్నారొకరు. పోల్చుకోలేరు. సముద్రంమీద పిట్ట చెట్టుమీద పిట్టలాగా కూర్చుని ఫొటో తీయించుకోదు. కిలోమీటరు దూరంలో, ఊగే నేలమీదనుంచి, ఊగే నీళ్లమీద, మూడు సెకన్లు కనబడి కెరటం వెనక్కి పోతుంది. బోటు ముక్కును గడియారంలో పన్నెండుగా, తోకను ఆరుగా అనుకుని, "రెండున్నర దిక్కు, ఎర్ర ఓడకు ఎడమ, నీళ్లకు దగ్గరగా" అని మార్గదర్శి కేక వేస్తాడు. అందరి కళ్లూ అటు తిరుగుతాయి. మొదటి గంట ఎవరికీ ఏమీ కనబడదు, అందరూ కనబడినట్టు తలలూపుతారు. రెండో గంటకు ఒక పిల్లవాడికి కనబడుతుంది, ఎప్పుడూ పిల్లలకే ముందు. మూడో గంటకు పెద్దవాళ్లకు కూడా కళ్లు వస్తాయి. రెక్క ఆడించే తీరునుబట్టే, రంగు కనబడకుండానే, ఫలానా అని చెప్పటం మొదలుపెడతారు. ఇది విద్య. సంగీతంలో రాగం పట్టుకోవటం లాంటిది. గురువు లేకుండా రాదు, కూర్చోకుండా రాదు.

నిజం దాచటం నాకు ఇష్టం లేదు. ఎనిమిది గంటల ప్రయాణంలో అయిదు గంటలు ఏమీ జరగదు. ఎండ కాలుస్తుంది. డీజిలు వాసన. రెండువైపులా ఓడల బారులు. అవి పోయే దారిలో చిన్నబోటు ఇష్టం వచ్చినట్టు తిరగటానికి వీల్లేదు, దాటవలసి వస్తే అడ్డంగా నిటారుగా దాటాలి. అటు బటాం, బింటాన్ దీవులు కనబడుతుంటాయి, అది ఇండొనేషియా, హద్దు మీరకూడదు. ఆ అయిదు గంటల ఖాళీ చూసి భయపడేవాళ్లే ఎక్కువమంది. మైకు లేని చోట, ప్లేటు లేని చోట, ఏం మాట్లాడుకోవాలో మనకు తెలియని రోజులు వచ్చాయి. ఆ ఖాళీలో ఒక జేగర్ వస్తుంది. చిన్న గద్దలాంటి సముద్రపు బందిపోటు. చేప పట్టుకున్న టెర్నును తరిమి తరిమి, అది భయపడి మింగినదాన్ని కక్కేదాకా వదలదు. కక్కినదాన్ని నీళ్లలో పడకముందే గాల్లో అందుకుంటుంది. చూసిన పిల్లవాడు జన్మలో మరిచిపోడు. వాళ్ల నాన్న ఆఫీసులో ఎవరు ఎవరిచేత ఏమి కక్కిస్తున్నారో కూడా వాడికి పెద్దయ్యాక అర్థమవుతుంది.

ఇప్పుడు గరుత్మంతుడి సంగతి. 1986లో ఈ ఊరి వాయవ్యమూల సుంగై బులోలో పక్షులను చూసేవాళ్లు కొందరు ఒక చిత్తడినేలను కనుక్కున్నారు. వలసపక్షులు వేలుగా దిగుతున్నాయి. అప్పటి మలయన్ నేచర్ సొసైటీ సింగపూరు శాఖవాళ్లు పిట్టలను లెక్కపెట్టి, కాగితం మీద పెట్టి, ప్రభుత్వానికి ఇచ్చారు. ధర్నాలు లేవు, నినాదాలు లేవు. లెక్క ఉంది. 1993లో అది ప్రకృతివనంగా తెరిచారు, 2002లో చట్టప్రకారం రక్షితప్రాంతం అయింది. పులావ్ ఉబిన్ దీవి తూర్పుకొసన చెక్ జావా తీరాన్ని పూడ్చెయ్యటానికి అన్నీ సిద్ధమయ్యాక, జనం అక్కడికి పోయి, చూసి, ఏమేమి బతుకుతున్నాయో రాసి ఇచ్చారు. 2001 డిసెంబరులో ప్రభుత్వం పని వాయిదా వేసింది. ఆ వాయిదా ఇవాళ్టికీ నిలిచే ఉంది. ఈ ఊళ్లో మొర ఆలకించే గరుత్మంతుడు నోట్‌బుక్కు. మన జాతికి లెక్కలు బాగా వచ్చునని లోకమంతా చెప్పుకుంటుంది. ఈ లెక్కల్లో మాత్రం మన చేవ్రాలు నాకు కనబడలేదు.

2024 జూన్ 14న పాసిర్ పంజాంగ్ టెర్మినల్ దగ్గర ఒక డ్రెడ్జరు, ఆగి ఉన్న చమురు నౌకను గుద్దింది. సుమారు 400 టన్నుల నూనె సముద్రంలో పడింది. సెంటోసా, ఈస్టుకోస్టు, లాబ్రడార్ తీరాలు నల్లబడ్డాయి. మన వాట్సాప్ గుంపులో ఆ వారం జరిగిన చర్చ అంతా ఒక్కటే: ఆదివారం ఈస్టుకోస్టులో బుక్ చేసుకున్న బార్బెక్యూ పొయ్యికి డబ్బు వాపసు ఇస్తారా ఇవ్వరా అని. 2023 నవంబరులో అదే ఈస్టుకోస్టు ఎదుట సముద్రంలో 800 హెక్టార్ల మేర లాంగ్ ఐలండ్ పూడుస్తామని ప్రకటించారు. సముద్రమట్టం పెరిగి ఊరు మునగకుండా కాపాడటానికీ, మంచినీళ్ల జలాశయానికీ. అవసరం లేదని నేనటంలేదు. 2024లో మొదలైన అధ్యయనాలకు అయిదేళ్లు పడుతుందన్నారు. ఆ అయిదేళ్లలో అక్కడ ఏముందో చూసి చెప్పవలసినవాళ్లలో మనం ఉన్నామా లేమా? పైన ఇంటి ధర ఎంత పెరుగుతుందో లెక్కవేసినవాళ్లు మనలో ఇప్పటికే ఉన్నారు.

"మన ఊరు కాదు కదా" అనే మాట ఇంకా వినబడుతుంది. అనేవాళ్లు తమ కొడుకులను అడగాలి. రెండోతరం పర్మనెంటు రెసిడెంటు కుర్రాళ్లు, పౌరుల పిల్లలు పద్దెనిమిదో ఏట రెండేళ్లు నేషనల్ సర్వీసుకు పోతున్నారు. కొందరు నౌకాదళంలో పడతారు. ఇక్కడికి తూర్పున 24 నాటికల్ మైళ్ల దూరంలో పెడ్రా బ్రాంకా అని ఒక రాతిదిబ్బ ఉంది. దానికోసం సింగపూరు, మలేషియా ఏళ్ల తరబడి పోట్లాడుకుంటే 2008లో అంతర్జాతీయ న్యాయస్థానం సింగపూరుదని తీర్పు ఇచ్చింది. ఆ పేరుకు పోర్చుగీసులో తెల్లరాయి అని అర్థం. తెల్లబడింది టెర్నుల రెట్టలతో. దాని మీద 1851లో వెలిగించిన హార్స్‌బర్గ్ దీపస్తంభం ఇప్పటికీ వెలుగుతోంది. మన పిల్లవాడు తుపాకీ పట్టుకుని కాపలా కాయబోయే రాయికి పేరు పెట్టింది పిట్ట. ఆ పిట్ట పేరు వాడికి తెలియనక్కర్లేదని మన సాంస్కృతిక సంఘం తీర్మానించింది.

షికారు ఓడ గురించి ఒక్క మాట. అది కూడా నీళ్లమీదే పోతుంది, నిజమే. కాని బల్లలు లోపలికి తిప్పి వేసి ఉంటాయి. అద్దాలు బిగించి, ఏసీ పెట్టి, పాట పెట్టి, వెళ్లిన దారినే తిరిగివస్తుంది. సముద్రం మీద కూర్చుని సముద్రానికి వీపు పెట్టటానికి ఇంతకంటె మంచి ఏర్పాటు లేదు. దానికి మనం తలకు ఇంత అని ఇస్తాం. తువాస్ ఓడల మరమ్మత్తు యార్డుల్లో పనిచేసే శ్రీకాకుళం, విజయనగరం కుర్రాళ్లు ఆ భోజనానికి రారు, రాలేరు, మనం పిలవం. వాళ్లలో సముద్రం పక్కన పుట్టినవాళ్లున్నారు. గాలి తిరిగితే ముందు తెలిసేది వాళ్లకే. నేను చెప్పే బోటులో నాలుగు చోట్లు వాళ్లకు ఉంచాలి, వాళ్ల ఖర్చు సంఘం పెట్టుకోవాలి. పిల్లలకు వాళ్లు నేర్పగలిగినది మన ఆదివారం తెలుగు బడిలో ఎవరం నేర్పలేం.

తీర్మానాన్ని తిరగదోడమని సర్వసభ్య సమావేశంలో నేను అడగబోతున్నాను. వీగిపోతే పోనివ్వండి, బోటు ఆగదు. కావలసినవి పన్నెండు చోట్లు. యార్డు కుర్రాళ్ల నాలుగూ తీసేస్తే ఎనిమిది. అయిదు పేర్లు ఇప్పటికే వచ్చాయి, అందులో ముగ్గురు పదేళ్ల లోపు పిల్లలు. ఉదయం అయిదున్నరకు జెట్టీ దగ్గర ఉండాలి. పొడుగుచేతుల చొక్కా, టోపీ, తలకు రెండు సీసాల నీళ్లు. దుర్భిణులు లేనివాళ్లు కొనవద్దు, నాలుగు ఎరువు దొరికాయి. శాకాహారం సంగతి అడిగినవాళ్లకు: పులిహోర, పెరుగన్నం నేనే తెస్తున్నాను. పనీరు ఉండదు.